సీలు విప్పని బస్తా

"వీడియో మళ్ళీ మొదటి నుంచి చూడు అక్కా. వాట్సాప్‌లో తిరిగింది కాదు, పొద్దున నేను నీకు పంపింది," అంది అపూర్వ ఫోన్లో.

"చూశాను. మొదట్లో ఐదు సెకన్లు ఎక్కువ ఉంది."

"ఆ ఐదు సెకన్ల కోసమే హైకోర్టు దాకా వెళ్ళాం."

సునంద కారు ఇంజిన్ ఆపింది. ఎదురుగా లేబర్ క్యాంపు గేటు. శుక్రవారం, మధ్యాహ్నం రెండు దాటింది.

అపూర్వ ఆమె పిన్ని కూతురు. హైదరాబాదులో వకీలు. సునంద దోహాలో, అల్ సద్‌లోని ఒక బీమా కంపెనీలో క్లెయిములు దర్యాప్తు చేస్తుంది. గోదాము కాలిందా, కాల్చారా అన్నది తేల్చడం ఆమె ఉద్యోగం. ఈ కేసు మాత్రం చెల్లెలి కోసం.

కేసు ఎల్లవ్వది. జగిత్యాల జిల్లాలో ఒక ఊరికి రేషన్ డీలరు. భర్త పోయాక డీలర్‌షిప్ ఆమె పేరు మీదికి మారింది. వేసవిలో ఊరి వాట్సాప్ గ్రూపుల్లో ఒక వీడియో తిరిగింది. గల్ఫ్‌లో క్యాంపు గది. పౌరసరఫరాల ముద్ర ఉన్న తెల్ల బస్తా. అందులోంచి స్టీలు తాంబాళంలోకి పడుతున్న బియ్యం. వెనక నుంచి ఒక గొంతు: "మన ఊరి రేషన్ బియ్యం దుబాయ్‌ల అమ్ముతున్నరు. సూడుండ్రి, సీలు గూడ ఇప్పలే."

వారం తిరక్కుండానే ఆర్డీవో ఎల్లవ్వ లైసెన్సును సస్పెండ్ చేశారు. షాపును పక్క ఊరి డీలరు భూమేష్‌కు ఇన్‌చార్జిగా అప్పగించారు. అదనపు కలెక్టరుకు పెట్టుకున్న అప్పీలు, వీడియో స్పష్టంగా ఉందన్న ఒక్క వాక్యంతో పోయింది. హైకోర్టు కూడా సస్పెన్షన్‌ను కొట్టెయ్యలేదు. కానీ వీడియో అసలు ప్రతిని డీలరుకు ఇవ్వాలని, ఆమె చెప్పేది విని గడువులోగా తేల్చాలని ఆర్డీవోను ఆదేశించింది. ఆ విచారణ సోమవారం. అందులో ఓడితే లైసెన్సు రద్దవుతుంది. ఆపైన క్రిమినల్ కేసు.

"సోమవారం ఆవిడ ఏం చెబుతుంది?" అంది సునంద.

"నాకేం తెల్వది అంటుంది. ఆర్డీవోకీ అదే, నాకూ అదే. నేను ఆవిడ వకీలుని అక్కా! డాక్టరు దగ్గరికొచ్చి ఎక్కడ నొప్పో చెప్పనన్నట్టుంది."

"వీడియో తీసినవాడు?"

"సురేందర్. ఆ క్యాంపులోనే ఫోర్‌మన్. ఇన్‌చార్జి భూమేష్ వాడి తమ్ముడే. బస్తా దొరికింది మాత్రం వాడి దగ్గర కాదు, స్లాబులకు ఇనుప చువ్వలు కట్టే జలంధర్ అనే స్టీల్ ఫిక్సర్ మంచం మీద. ఆయనా నోరు విప్పడం లేదు."

"ఆవిడా, ఆయనా ఒకే మాట మీద ఉన్నారన్నమాట," అని సునంద కారు దిగింది.

క్యాంప్ బాస్ గౌస్ మొహియుద్దీన్ గేటు దగ్గరే ఉన్నాడు. పాతబస్తీ మనిషి. అపూర్వ పంపిన కాగితం చదివి మడిచి జేబులో పెట్టుకున్నాడు.

"లేడీస్‌కు లోపలికి మనా ఉంది మేడం. మీరు కోర్టు పని మీద వచ్చిన్రు గనక దర్వాజ తెరిచి ఉంచుకోండ్రి. నేను బయట కుర్చీ ఏసుకోని కూసుంట. నాకు చెవులు సరిగ వినపడయ్, ఫికర్ చెయ్యకండ్రి."

గదిలో ఆరు మంచాలు. ఐదు ఖాళీ. ఆరోదాని మీద జలంధర్ కూర్చున్నాడు. యాభైకి దగ్గరలో ఉంటాడు. ఆమె రాగానే లేచి, ఉన్న ఒక్క ప్లాస్టిక్ కుర్చీని తుడిచి ముందుకు జరిపాడు.

"బస్తా చూపిస్తారా జలంధర్ గారూ?"

పరుపు కిందనుంచి తీసి ఇచ్చాడు. నాలుగు మడతలు పెట్టి ఉంది.

"ఇది మీకెక్కడిది?"

"సైట్ల దొరికింది మేడం."

"దోహా సైట్లో జగిత్యాల జిల్లా మిల్లు బస్తా దొరికిందా?"

"ఎవలో ఏసి పోయిండ్రు."

"అయితే దాన్ని మడతపెట్టి పరుపు కింద ఎందుకు దాచుకున్నారు?"

జలంధర్ గోడకేసి చూశాడు.

సునంద బస్తాను మంచం మీద పరిచింది. ముద్రలో సిరా పోయి అంచులు మాత్రం మిగిలాయి. ఉతికిన బస్తా. అడుగున మిల్లు మిషన్ కుట్టు అలాగే ఉంది. మూతి దగ్గర మిషన్ కుట్టు లేదు. అది ఉన్నప్పటి రంధ్రాలు ఉన్నాయి. వాటి కింద ఇంకో వరస రంధ్రాలు, సూదితో చేసినవి. కుడి సగంలో ఆ రంధ్రాల నిండా గులాబీ రంగు దారం ముక్కలు. ఎడమ సగంలో ఒక్క పోగు లేదు.

ఆమె బస్తాను తిరగేసింది. లోపలి మూలల్లో గోరుతో గీకి చూసింది. తవుడు రాలేదు. నూలు పోగులు వచ్చాయి.

ఫోన్ తీసి వీడియో పెట్టింది. గ్రూపుల్లో తిరిగిన వీడియో బియ్యం పడటంతో మొదలవుతుంది. అసలు ప్రతిలో ముందు ఒక చెయ్యి కనిపిస్తుంది. ఆ చేతిలో బ్లేడు. బస్తా మూతికి కుడివైపున గులాబీ కుట్లను ఒక్కొక్కటిగా కోస్తుంది. ఎడమవైపు మూతి అప్పటికే తెరిచి ఉంది. ఫ్రేము మూలలో, మంచం మీద ఏదో గుడ్డ. ఆకుపచ్చ చీర ముక్క, పసుపు అంచు.

"జలంధర్ గారూ, ఆ కంపెనీ దుప్పటి కాస్త పైకెత్తుతారా?"

"ఎందుకు మేడం?"

"దాని కింద ఏముందో నాకు తెలుసు. మీరు ఎత్తితే బాగుంటుందని అడుగుతున్నాను."

బయట గౌస్ కుర్చీ కిర్రుమంది. కాసేపటికి జలంధర్ రెండు చేతులతో దుప్పటి అంచు పట్టుకుని వెనక్కి మడిచాడు.

చీరల బొంత. ఆరేడు చీరల ముక్కలు కలిపి కుట్టింది. ఆకుపచ్చ చీర ముక్క తలవైపు ఉంది. కుట్లన్నీ గులాబీ దారం. సునంద బస్తా మూతిని తెచ్చి బొంత పక్కన పెట్టింది. దారం ఒకటే. కుట్టుకీ కుట్టుకీ మధ్య ఎడం కూడా ఒకటే.

"బస్తాలో వచ్చింది ఇది. బియ్యం కాదు," అంది.

"డీలరమ్మకు దీంతోని సంబంధం లేదు మేడం."

"నేను డీలరమ్మ పేరెత్తలేదండీ."

జలంధర్ మంచం అంచున కూర్చున్నాడు.

"పోయిన చలికాలం ఫోన్ల అన్న, ఏసీ కింద పండుకుంటె నడుము పట్టేస్తాందని. ఊకెనే అన్న. ఆరుగురం ఉంటం, ఏసీ బందు చెయ్యనియ్యరు. రెండు నెలలకు ఊరికెల్లి వచ్చేటాయన ఈ బస్తా పట్టుకచ్చి ఇచ్చిండు. డీలరమ్మ... ఎల్లవ్వ పంపిందని గూడ చెప్పలే. మా అక్క పంపిందన్నడు. ఆమె గట్లనే చెప్పుమన్నదట. కుట్టు సూడంగనె నాకు ఎరుకైంది."

"మీ ఇద్దరికీ..."

"నా భార్య పోయి తొమ్మిదేండ్లు. ఆమె భర్త పోయి ఐదేండ్లు. ఫోన్ల మాట్లాడుకుంటం, గంతే. లీవుల పోయినప్పుడు రేషన్ లైన్ల నిలవడితె అందరితోని ఎట్లనో నాతోని గట్లనే. వేలు వెట్టు అంటది. సంచి పట్టు అంటది." అతను నవ్వబోయాడు. "ఇంటికాడ ముసలత్త ఉన్నది. ఊరున్నది. ఆమె నోరు ఎందుకు తెరుస్తలేదో మీకు సమజైందా మేడం? బొంత అంటె ఎవలికని అడుగుతరు."

"సగం కుట్లు విప్పి, సగం ఎందుకు ఉంచారు?"

"బొంత ఎల్లనీకి సగం సాలు. తక్కినయి ఇప్పబుద్ధి కాలే." అతని వేలు బస్తా మూతి మీద ఆగింది. "నేను డ్యూటీకి పోయినప్పుడు బ్లేడ్‌తోని కోసిండ్రు మేడం. బియ్యం మెస్‌లయి. బస్తా మీద ముద్ర ఒక్కటి సాలు వాళ్ళకు."

"యల్లా, ఏమైతాంది ఈడ?"

తలుపు దగ్గర సురేందర్. ఇస్త్రీ చొక్కా, మెడలో కంపెనీ కార్డు. జలంధర్ దుప్పటి లాగబోయాడు. సునంద చెయ్యి అడ్డం పెట్టింది.

"మా ఊరి ముచ్చట్ల ఆంధ్ర మేడంకు ఏం పని?" అన్నాడు సురేందర్.

"ముచ్చట నేను తేలేదండీ. మీరే ఊరంతా పంపారు, దుబాయ్ అని చెప్పి మరీ. మనం ఉన్నది ఖతర్‌లో కదా?"

"మా ఊర్ల అన్నిటికి దుబాయే అంటరు."

"ఆర్డీవో గారి నోటీసులో కూడా దుబాయే ఉంది. అది మా వకీలు చూసుకుంటుంది. యాభై కిలోల బియ్యం విమానంలో తెచ్చి, బియ్యం దొరికే దేశంలో అమ్మారంటున్నారు. ఏ ఎయిర్‌లైన్స్ అండీ అంత లగేజీ ఇచ్చింది?"

"కార్గోల వస్తయ్. ఎట్లొచ్చిందో నాకెందుకు? వచ్చింది, సూపిచ్చిన."

"వీడియోలో చెయ్యి మీదేనా?"

"నాదే. నాకేం భయం?"

"బ్లేడు?"

సురేందర్ మెడలో కార్డు సరిచేసుకున్నాడు. "ఏం బ్లేడు?"

"గ్రూపుల్లో పెట్టేటప్పుడు మొదలు కత్తిరించారు. ఆఫీసువాళ్ళు అసలు ఫైలు అడిగితే మీ తమ్ముడు మొత్తం ఇచ్చేశాడు. కోర్టు చెప్పాక వాళ్ళు దాన్ని మాకిచ్చారు. బ్లేడుతో ఏం కోస్తున్నారు?"

"సీలు. సీలు కోసిన."

"మిల్లు కుట్టుకు బ్లేడు అక్కర్లేదు. కొస పట్టుకుని లాగితే బర్రున మొత్తం ఊడొస్తుంది. బియ్యం బస్తా విప్పిన ప్రతి ఇంట్లోనూ తెలుసు. మీరు ఒక్కో కుట్టూ ఎందుకు కోశారు?"

"ఎందుకు కోస్త? గులాబి రంగు బీడీ దారం నాలుగు పేటలేసి కుడితె గుంజంగనె ఊడుతదా మేడం? మా దిక్కు ఆడోళ్ళు ఏది కుట్టినా గట్ల..." సురేందర్ ఆగిపోయాడు.

"మీ దిక్కు మిల్లుల్లో బీడీ దారంతో కుడతారా సురేందర్ గారూ?" అంది సునంద.

బయటనుంచి గౌస్ దగ్గు వినిపించింది. "మాఫీ చెయ్యండ్రి మేడం. ఇది మాత్రం నాకు వినవడ్డది."

సురేందర్ చొక్కా చేతులు సర్దుకున్నాడు. ఈసారి సునందతో కాదు, జలంధర్‌తో మాట్లాడాడు.

"మంచిది. సోమవారం చెప్పుకోండ్రి. బస్తాల బియ్యం లేకుంటె ఏమున్నదో గూడ చెప్పాలె గద? బొంత అని చెప్పు. ఎవలు కుట్టిండ్రో చెప్పు. మొగడు పోయిన డీలరమ్మ రాత్రులు కూసోని ఎవలికి కుట్టిందో ఆఫీసుల చెప్పుమను. ఊరంత వస్తది ఆనాడు, ఇంటది. చెప్తవా జలంధర్? ఏం, చెప్తవా?"

జలంధర్ తల వంచుకున్నాడు.

"చూసిన్రా మేడం? చెప్పడు," అని సురేందర్ వెళ్ళిపోయాడు.

సునంద అపూర్వకు ఫోన్ చేసి జరిగింది చెప్పింది. అపూర్వ మధ్యలో అడ్డు రాకుండా విన్నది.

"సీలు అబద్ధమని తేలుతుంది అక్కా. అంతవరకు మంచిదే. కానీ ఆర్డీవో వెంటనే అడిగేది, షాపు బస్తా దోహాకు ఎలా పోయిందని. దానికి ఎల్లవ్వ జవాబు చెప్పాలి. చెప్పినా, ఆ బొంత ఆవిడే కుట్టిందనడానికి ఇంకో ఆధారం కావాలి. లేకపోతే జలంధర్ ఎక్కడో కొన్నాడంటారు."

ఫోన్ పెట్టగానే జలంధర్ అన్నాడు, "నేను సంతకం పెట్ట మేడం. లైసెన్సు పోతె పోనీ. ఆమె నలుగురిల తల దించుకోవద్దు."

"అది మీరు తేల్చేదా, ఆవిడ తేల్చేదా?"

అతను ఫోన్ తీసి ఐమోలో ఎల్లవ్వకు వీడియో కాల్ కలిపి సునందకు ఇచ్చాడు.

అక్కడ సాయంత్రం అవుతోంది. తెర మీద ఎల్లవ్వ ముఖం, వెనక షాపు షట్టరు. షాపు మెట్టు మీద కూర్చుని ఉంది.

"రోజు ఈడనే కూసుంట అమ్మా," అంది, సునంద తానెవరో చెప్పాక. "కార్డులోళ్ళు వస్తరు. బియ్యం ఎప్పుడిస్తరని నన్నే అడుగుతరు. భూమేష్ ఎప్పుడస్తడో ఆనికే తెల్వది. వచ్చినోళ్ళను ఉత్త చేతులతోని పంపుడు నాకు శాతకాదు, మంచినీళ్ళన్న ఇస్త."

సునంద ఫోన్‌ను బొంత వైపు తిప్పింది. మళ్ళీ తనవైపు తిప్పుకునేసరికి ఎల్లవ్వ కొంగుతో ముఖం తుడుచుకుంటోంది.

"నాకు అర్థమైంది ఎల్లవ్వ గారూ. మీరు వద్దంటే ఇది ఇక్కడే ఆగిపోతుంది. మా చెల్లెలికి కూడా కాగితం మీద పెట్టొద్దని చెబుతాను. చెబితే లైసెన్సు నిలబడొచ్చు. చెబితే ఊరికి కూడా తెలుస్తుంది. రెండూ మీ చేతిలోనే ఉన్నాయి."

"జలంధర్ ఉన్నడా?"

సునంద ఫోన్ అతనికి ఇచ్చింది.

"ఏం జెప్పినవ్ ఆమెకు?" అంది ఎల్లవ్వ.

"నేనేం జెప్పలే. దారం సూసి ఆమెనే జెప్పింది."

"బస్తా పారెయ్యక ఎందుకు దాసుకున్నవయ్యా? దాంతోనేనాయె ఇదంత."

"నువ్వు కుట్టింది గద."

"కుట్టినదాన్ని సగం ఇప్పి సగం ఇడుస్తరా ఎవలన్న?"

"నేనిడిసిన."

ఆమె కొంగు మళ్ళీ ముఖం మీదికి వచ్చింది. ఈసారి కొంగు వెనక నవ్వు వినిపించింది. తర్వాత గొంతు సవరించుకుంది.

"మేడమ్మకు ఇయ్యి." సునంద తీసుకున్నాక అడిగింది, "బొంతల పచ్చ చీర ఉన్నది సూడు. అంచు ఒక్క దిక్కే ఉంటది. అవునా?"

సునంద చూసింది. పసుపు అంచు ఒకవైపే ఉంది. రెండోవైపు చీరను నిలువునా చీల్చిన గుర్తు. మిగతా చీరలు కూడా చూసింది. అన్నీ సగాలే.

"తక్కిన సగాలు నా బొంతల ఉన్నయి," అంది ఎల్లవ్వ.

జలంధర్ తల ఎత్తాడు. "నీ బొంతనా?"

"రెండు కుట్టిన. నీకు ఒక్కటే ఎరుక."

సునంద చీల్చిన అంచు వెంట వేలు నడిపింది. రెండు బొంతలు పక్కపక్కన పెడితే చీల్చిన చోట చీరలు కలుస్తాయి. అంచు, పువ్వు, మరక కూడా కలుస్తాయి. ఒకటి సురేందర్ వీడియోలోనే ఉంది, ఆర్డీవో ఫైల్లో, సాక్ష్యంగా. ఇంకోటి ఆమె దగ్గర.

"ఎల్లవ్వ గారూ, ఆ బొంత ఎక్కడుంది?"

"ఇంట్ల వెడితె అత్త అడుగుతదని షాపుల వెట్టిన. కాంటా ఎనుక రేకు పెట్టె ఉన్నది, అండ్ల. షాపు అప్పజెప్పిన్నాడు పెట్టె తీసుకపోత అన్న. భూమేష్ తీసుకపోనియ్యలే. ఏదైన ఉంటె విచారణ అయినంక అన్నడు."

"తాళం?"

"వానికాడనే ఉన్నది."

"రేపు పొద్దున రెవెన్యూ ఇన్‌స్పెక్టరును పెట్టి, పదిమంది ముందు తీయిస్తాం. అప్పటిదాకా ఈ మాట ఎవరితోనూ..."

"మేడం." గౌస్ మొహియుద్దీన్ గుమ్మంలో నిలబడ్డాడు. ఎప్పుడు లేచాడో. గొంతు తగ్గించి అన్నాడు, "ఫోర్‌మన్ సాబ్ పోలేదు. కిటికీ పక్కన ఉన్నడు. ఫోన్ చేస్తుండు."

సునంద వరండాలోకి వెళ్ళింది. సురేందర్ ఆమెకు వీపు పెట్టి నిలబడ్డాడు. దాచుకునే ప్రయత్నం కూడా చేయడం లేదు.

"తమ్మీ, ఉన్న పనులు ఇడిసి షాపుకు పో. కాంటా ఎనుక రేకు పెట్టె. ఆఁ, మొత్తం పెట్టెనే. రేపటిదాక ఆగకు."

సునంద ఒక చేత్తో అపూర్వ నంబరు నొక్కుతూనే గదిలోకి తిరిగి వచ్చింది. జలంధర్ ఫోన్‌ను రెండు చేతులతో పట్టుకుని నిలబడి ఉన్నాడు. ఆ మాటలు అతనికీ వినిపించాయి. తెర మీద ఎల్లవ్వకు కూడా.

"లేచి ఇంటికి పో ఎల్లవ్వా," అన్నాడు. "వాడు ఒక్కడే రాడు. పెట్టె పోతె పోనీ."

"ఎందుకు పోత? నా షాపు, నా మెట్టు." ఆమె అటు తిరిగి ఎవరినో పిలిచింది. "ఓ గంగామణీ! కార్ఖానా నుంచేనా? దా, ఇటు కూసో. మీరు గూడ రాండ్రి. పది మంది ఉండాలె, ఒక ముచ్చట చెప్పేదున్నది మీకు. బొంత ముచ్చట." మళ్ళీ తెర వైపు తిరిగింది. "సోమవారం దాక ఆగుడెందుకు? ఎవలికి కుట్టిన్నో ఇయ్యాల్నే చెప్త. చెప్పినంక నన్ను ఎవలు బెదిరిస్తరు?"

బీడీ గంపలతో ఆడవాళ్ళు ఒక్కొక్కరే వచ్చి మెట్ల మీద కూర్చోవడం కనిపించింది. అపూర్వ లైనులోకి వచ్చింది. సునంద రెండు వాక్యాల్లో చెప్పింది. పోలీస్ స్టేషను, రెవెన్యూ ఇన్‌స్పెక్టరు, ఇద్దరికీ వెంటనే ఫోన్ చేయమంది.

దూరంగా మోటార్‌సైకిల్ చప్పుడు. జలంధర్ ఫోన్లోంచే వస్తోంది.

"వచ్చిండు," అంది ఎల్లవ్వ. లేవలేదు. వీపును షట్టరుకు ఆనించింది. "జలంధర్, ఫోన్ పెట్టకు. మాట్లాడుకుంట ఉండు."

"ఏం మాట్లాడాలె?"

"ఏదన్న. ఇన్నేండ్లు గుసగుస మాట్లాడినవ్, ఇయ్యాల గట్టిగ మాట్లాడు, అందరు ఇననీ." మోటార్‌సైకిల్ చప్పుడు దగ్గరికి వచ్చి ఆగింది. "బొంత కప్పుకుంటె ఎట్లుంటదో చెప్పు. నువ్వు ఇంతదాంక చెప్పనే లేదు నాకు."